అరువు గొంతు

సనూబర్ ముఖం తెలియనివాళ్ళు బాకూలో లేరు. గొంతు తెలిసినవాళ్ళు మాత్రం తక్కువ. మొగుడికి తెలుసు, ఒకే లోగిట్లో కాపురముండే ఇరుగుపొరుగుకి తెలుసు, బజారులో ఆకుకూరలమ్మే అతనికి తెలుసు. అతను ఓసారి ఆవిణ్ణి గుర్తుపట్టి, చేతిలోని కొత్తిమీర కట్ట అలాగే పట్టుకుని, "అమ్మా, మొన్నటి సినిమాలో కోడల్ని గెంటేసిన అత్తగారు మీరే కదూ? అబ్బబ్బ, నాకు వారం రోజులు నిద్రపట్టలేదండీ!" అన్నాడు. సనూబర్ పొంగిపోయి, "అవునబ్బా, నేనే. కట్ట ఎంతకిస్తాండావు?" అంది. అతను ఆవిణ్ణి ఎగాదిగా చూసి, "కాదులెండి, పోలికలున్నాయి" అని ఇంకో బేరం వైపు తిరిగాడు.

ఆ స్టూడియోలో పని అలా జరిగేది. బొమ్మ ముందు, మాట తర్వాత. ఎండలో, గాలిలో, కెమెరా గరగరల మధ్య మనుషులు పెదాలు ఆడించేవాళ్ళు. ఆ తర్వాత చీకటి గదిలో మైకు ముందు నిలబడి ఎవరో ఒకరు ఆ పెదాలకి మాట అతికించేవాళ్ళు. మొహం బాగున్నవాళ్ళు మొహమిస్తారు, నాలుక తిరిగినవాళ్ళు నాలుకిస్తారు. నాలుకలన్నీ నాటకశాల వాళ్ళవి. సనూబర్‌ది షెకి పట్నం. దేశంలో ఎవరు షెకి యాస విన్నా, ఇంకా కథ మొదలుకాకముందే నవ్వు మొదలుపెడతారు. ఆ యాసలో చావు కబురు చెప్పినా, ఇందులో హాస్యమెక్కడా అని వెతుక్కుంటారు. షెకి వాళ్ళు ఆ పేరుని ఖుషీగానే మోస్తారు. సనూబర్‌కి మాత్రం అది బతుకంతా మెడకి చుట్టుకుంది.

ఆవిడ పట్టు మిల్లు పిల్ల. వేడి నీళ్ళ తొట్టి ముందు నిలబడి పట్టుకాయల్లోంచి దారం తీస్తూ ఉండేది. మిల్లు గురించి చిన్న బొమ్మ తీద్దామని బాకూ నుంచి మనుషులొచ్చారు. కెమెరా అతను తొట్లన్నీ తీసి, ఈ అమ్మాయి దగ్గర ఆగి, ఇక కెమెరా దించలేదు. ఆరు నెలల్లో ఆమె బాకూలో ఉంది. స్టూడియోలో ఆమెని కిటికీ పక్కన కూర్చోబెట్టి, బయటికి చూడమన్నారు. చూసింది. అందరూ గుసగుసలాడుకున్నారు. తర్వాత ఏదైనా మాట్లాడమన్నారు. "ఏం మాట్లాడమంటారు సామీ, నాకేం తెల్సు?" అంది. గదంతా గొల్లున నవ్వింది. పెద్ద డైరెక్టరు కళ్ళనీళ్ళు తుడుచుకుంటూ, "నువ్వు మాట్లాడకు తల్లీ. చూడు, చాలు" అన్నాడు.

అందరికంటే గట్టిగా నవ్వినవాడు తలుపు దగ్గర నిలబడ్డ స్టూడియో బస్సు డ్రైవరు అగాసలీం. సంవత్సరం తిరక్కుండా ఆమెని పెళ్ళిచేసుకున్నాడు. ఎందుకు చేసుకున్నావురా అని అడిగినవాళ్ళందరికీ, "ఇంట్లో నవ్వుకోడానికి ఏదో ఒకటి ఉండాలి కదా" అని జవాబు చెప్పేవాడు. మంచివాడే. పిల్లలు పుట్టలేదు. మొదట్లో డాక్టర్ల దగ్గరికీ, పీర్ల దర్గాలకీ తిరిగారు. తర్వాత తిరగడం మానేశారు, ఆ మాట ఎత్తడమూ మానేశారు.

రెండో సినిమా నుంచి ఆమెకి గొంతిచ్చింది రఖ్షందా ఖానుమ్. నాటకశాల నటి. ఆవిడ వేదిక మీద చివరి వరసకి వినబడేలా గుసగుసలాడగలదని చెప్పుకునేవారు. కెమెరాకి మాత్రం ఆ ముఖం నచ్చలేదు. దవడ వెడల్పు, కళ్ళు చిన్నవి. ఇద్దరూ శత్రువులు కారు, అలాగని స్నేహితులూ కారు. ఒకే కుర్చీలో రెండు పూటలు కూర్చునేవాళ్ళలాంటి సంబంధం. పండక్కి సనూబర్ మట్టికుండల్లో పితి, వాళ్ళ ఊరి మాంసం పులుసు, వండి పంపేది, రఖ్షందా నాటకానికి ముందు వరస టిక్కెట్లు పంపేది. ఎక్కడైనా ఎదురుపడితే రఖ్షందాయే ముందు దెప్పేది.

"ఏమే, మళ్ళీ లావెక్కావు. మెట్లెక్కి ఆయాసపడేది నువ్వు, ఆ ఆయాసమంతా మైకు ముందు పడి చచ్చేది నేను."

"ఈసారి మెట్లెక్కే సీను నేనే చెప్పుకుంటాలే అక్కా."

"చెప్పుకో తల్లీ. జనం టిక్కెట్టు కొన్నది నవ్వడానికే కదా."

ప్రతి సినిమాకీ సనూబర్ డైరెక్టరు దగ్గరికెళ్ళి ఒకే మాట అడిగేది: ఈసారి నా మాట నేనే చెప్తాను. ఒకడు నవ్వేవాడు. ఒకడు చూద్దాంలెండి అనేవాడు. ఒకడు జాలిపడి మైకు ముందు నిలబెట్టి, రెండు వాక్యాలు చెప్పించి, తర్వాత చెరిపేశాడు. వదినగా, అత్తగా, సామూహిక వ్యవసాయ క్షేత్రంలో కోపిష్ఠి లెక్కల మనిషిగా, చివరికి నెత్తిన నల్ల శాలువా కప్పుకున్న ముసలమ్మగా, ముఖం మారుతూ పోయింది. గొంతు రఖ్షందాదే.

అంత పట్టుదల పేరు కోసం అనుకుంటే పొరపాటు. ఆమె పట్టుదలంతా షెకిలో ఉన్న తల్లి కోసం.

తల్లి ఖాన్‌పరీ కూడా పట్టు మిల్లులోనే పనిచేసింది. సనూబర్ తొలిసారి తెర మీద పెదాలు కదిపే నాటికి ఆవిడకి నీటికాసులొచ్చి చూపు పోయింది. సినిమా షెకికి వచ్చినప్పుడు కూతురే స్వయంగా వెళ్ళి, తల్లి చెయ్యి పట్టుకుని హాల్లో కూర్చోబెట్టింది. సగం సినిమా అయిపోయింది.

"యాడుండావే? ఇంకా రాలేదా నువ్వు?" అంది ఖాన్‌పరీ.

"వచ్చినానమ్మా. ఇప్పుడు మాట్లాడతాండేది నేనే."

"అది నువ్వు కాదు. ఎవురో బాకూ ఆమె."

"గొంతు ఆమెదమ్మా, మనిషి నేను."

"గొంతు లేకుండా మనిషేందే, నాకాడ పరాచికాలా?" అని ముసలావిడ లేచి నిలబడింది. వెనక వరస వాళ్ళు కూర్చోమని అరిచారు. ఆ రోజు నుంచీ వీధిలో ఎవరడిగినా, "నా కూతురు బాకూలో మూగపని చేస్తాది" అని చెప్పేది. సరదాకి అనేదో, బాధతో అనేదో తెలిసేది కాదు. కూతురికి మాత్రం ఆ మాట గుచ్చుకునేది. దేశమంతా చూసిన ముఖాన్ని కన్నతల్లి చూడలేదు. కన్నతల్లికి తెలిసిన ఒక్క ఆనవాలునీ స్టూడియో వాడు కత్తిరించి పారేస్తున్నాడు. తను బతికుండగా అమ్మ ఒక్కసారి హాల్లో కూర్చుని "అది నా బిడ్డే" అనాలి. సనూబర్ కోరుకున్నది అంతే.

ఖాన్‌పరీకి ఇంకో బిడ్డ ఉండేవాడు. సనూబర్ కంటే పెద్దవాడు, నుస్రత్. యుద్ధానికి పోయాడు. వాడు వెళ్ళేటప్పుడు తల్లి గడప దాటి వచ్చి, క్షేమంగా తిరిగి రావాలని వాడి వెనక గిన్నెడు నీళ్ళు చల్లింది. కొన్నాళ్ళకి జాడ తెలియలేదని కబురొచ్చింది. చనిపోయాడని రాలేదు. వీధిలో మిగతా ఇళ్ళకి చావు కబుర్లొచ్చాయి, ఏడ్చారు, గురువారం గురువారం పోయినవాళ్ళ పేరు తలుచుకున్నారు, నేతిలో పిండి వేయించి హల్వా వండి పంచారు, నలభయ్యో రోజు దాటించారు. ఖాన్‌పరీ ఏడవలేదు. బతికున్నవాడి మీద శోకం పెట్టడమంటే వాణ్ణి చేతులారా పూడ్చడమే. అది షెకిలో పసిపిల్లలకి కూడా తెలుసు. ఎవరైనా ఓదార్చబోతే, "నోరు మంచికి తెరువు" అని కసిరేది. వాడి పెళ్ళికూతురికని కొన్న కెలగాయి, ఎర్రంచు పట్టు తలగుడ్డ, పెట్టెలోనే ఉంది. వీధి తలుపుకి గడియ పెట్టనిచ్చేది కాదు. అలా దాదాపు నలభై ఏళ్ళు గడిచాయి. ఆ ఇంట్లో వాడి పేరుతో ఏనాడూ పిండి వేగలేదు. గాలివాన వచ్చినప్పుడల్లా తలుపు కొట్టుకునేది, అంతే.

అప్పుడు తర్లాన్ మాస్టారి సినిమా వచ్చింది. స్టూడియోలో డైరెక్టర్లని మాస్టారనే పిలుస్తారు. ఈయన కుర్రవాడు, మాస్కోలో చదివాడు, దేన్నైనా నిజమైన చోట తీయాలంటాడు. కథలో కొండ పల్లెలో ఒక తల్లి. కొడుకు శవాన్ని వాకిట్లోకి తెస్తారు. ఆమె ఏడవాలి. సినిమా అంతా ఆ ఏడుపు కోసమే. తల్లి సనూబర్. వాకిలి కూడా నిజమైనదే, ఒక పల్లెలో ఒక ఇల్లాలిది.

ఆ ఇల్లాలు పొద్దున్నే టీ పట్టుకొచ్చింది. గ్లాసు చేతికిచ్చి వెళ్ళకుండా అక్కడే నిలబడింది.

"అమ్మా, ఒక మాట. నాకు ముగ్గురు కొడుకులు. ముగ్గురూ కళ్ళెదుట తిరుగుతున్నారు, దేవుడి దయ. నువ్వు నా వాకిట్లో కొడకా అని ఏడుపెత్తుతావట?"

"సినిమా కదా అక్కా..."

"సినిమా మీకు. వాకిలి నాది. మా ఆయన ఇల్లిస్తానని ఒప్పుకున్నాడు, శోకానికిస్తానని నేను ఒప్పుకోలేదు."

సనూబర్ టీ గ్లాసు కింద పెట్టింది. తనూ అలాంటి ఇంట్లోనే పెరిగింది. వేలు కంటి మీద పెట్టుకుని, "నా కంటి మీద ఒట్టు. ఆ మాట ఈ వాకిట్లో నా నోట రాదు" అంది.

మాట ఎలాగూ రఖ్షందా చెప్తుంది. పెదాలు ఆడితే చాలు. కాబట్టి కెమెరా తిరగగానే సనూబర్ జుట్టు విరబోసుకుని, గుండెలు బాదుకుని, కళ్ళనీళ్ళు ధారగా కారుతుండగా, పాడె మీద తల ఆనించి, పితి ఎలా వండాలో చెప్పడం మొదలుపెట్టింది. శనగలు ముందురోజే నానెయ్యాల. గొర్రె మాంసం ఎముకతో ఉండాల. ఒక్కొక్కరికి ఒక్కొక్క కుండ. తోక కొవ్వు పైన పరచాల. నిప్పు సన్నంగా ఉండాల, తొందరపడితే చెడిపోతాది. కుంకుమపువ్వు నీళ్ళు దించే ముందు పొయ్యాల. కెమెరా చప్పుడులో, గుమ్మం పక్కనున్న ఇల్లాలికి తప్ప ఎవరికీ వినబడలేదు. మాస్టారు కుర్చీలోంచి లేచి నిలబడిపోయాడు. ఆపండి అని చెప్పడం కూడా మర్చిపోయాడు.

సీను అయ్యాక వాకిలి ఊడవడానికొచ్చిన ఇల్లాలు సనూబర్ చెవి దగ్గర, "ఎండు ఆల్‌బుఖారా వెయ్యలేదే నువ్వు" అంది.

"మర్చిపోయినానక్కా. కొడుకు చచ్చిన దుఃఖం" అంది సనూబర్. ఇద్దరూ శాలువా కొంగులు మొహాన కప్పుకుని నవ్వుకున్నారు. చూసినవాళ్ళు పాపం ఇంకా ఏడుస్తున్నారనుకున్నారు.

ఆ నవ్వు ఖరీదు బాకూ తిరిగొచ్చాక తేలింది. చీకటి గదిలో రఖ్షందా మైకు ముందు నిలబడి, తెర మీద ఆ పెదాల్ని రెండుసార్లు చూసి, చేతిలో కాగితం కింద పెట్టేసింది. "ఇది ఏడుపు కాదు. ఈ పెదాలకి ఏ ఏడుపూ అతకదు. దాన్ని పిలవండి." సనూబర్‌ని పిలిపించారు. అగాసలీమే తీసుకొచ్చాడు, బయట నడవలో సిగరెట్టు వెలిగించుకున్నాడు.

"ఏమన్నావు అక్కడ?" అన్నాడు తర్లాన్ మాస్టారు.

సనూబర్ చెప్పింది.

రఖ్షందా పగలబడి నవ్వింది. సౌండు మనిషి చెవుల మీది యంత్రం తీసేసి నవ్వాడు. మాస్టారు నవ్వలేదు. "నా సినిమాలో గుండెకాయ లాంటి సీనులో, నువ్వు శనగలు నానబెట్టావా?" అన్నాడు మెల్లగా. అరిచినా బాగుండేది. ఆ వాకిలికి మళ్ళీ వెళ్ళడానికి లేదు, కొండల్లో మంచు పడిపోయింది. చివరికి, "సరే, ఖానుమ్. ఎక్కడ అతికితే అక్కడ చెప్పండి. అతకని చోట నేను చుట్టూ ఉన్న జనం వీపులు చూపిస్తాను" అన్నాడు.

రఖ్షందా కాగితం తీసుకుంది. చదివింది. మళ్ళీ కింద పెట్టింది. ఆవిడ ముఖంలో నవ్వు లేదు.

"నేను చెప్పను, తర్లాన్."

"అతకదని కదా? పర్లేదంటున్నాను."

"అతకడం కాదు. మా ఎల్ఖాన్ ఎక్కడున్నాడో నీకు తెలుసు."

అందరికీ తెలుసు. ఆవిడ కొడుకు సైన్యంలో ఉన్నాడు, ఆఫ్ఘన్ కొండల్లో.

"ఎన్ని సినిమాల్లో ఏడ్చారు ఖానుమ్ మీరు! ఎంతమంది కొడుకుల మీద!"

"అప్పుడు వాడు నా ఇంట్లో పక్క గదిలో నిద్రపోతుండేవాడు. నీకు పుణ్యముంటుంది, అడక్కు నన్ను."

మాస్టారు నాటకశాలకి ఫోన్లు చేశాడు. ఒకావిడకి కొడుకు ఈ వసంతంలోనే సైన్యానికి వెళ్ళాడు. ఒకావిడ కొడుకు వచ్చే ఏడు వెళ్తాడు. ఇంకొకావిడ సంగతేమిటో చెప్పకుండానే ఫోను పెట్టేసింది. పై వాళ్ళకి సినిమా పంపాల్సిన గడువు దగ్గరకొచ్చింది. మాస్టారు ఫోను దగ్గర నుంచి తిరిగి, మూల కుర్చీలో కూర్చున్న సనూబర్ వైపు చూశాడు.

"నువ్వు చెప్పు."

"నేనా?"

"నీకు పిల్లల్లేరు కదా. నీకేం భయం?"

మాస్టారు చెడ్డవాడు కాదు, ఆయనకి ఆ మాట ఎక్కడ తగిలిందో కూడా తెలియలేదు. సనూబర్‌కి బాగా తగిలింది. అదే క్షణంలో, ఇరవై ఏళ్ళకి పైగా అడుక్కున్నది ఇదిగో చేతిలో పడుతోందని లోపల సంతోషం కూడా ఎగసింది. ఆ సంతోషానికి ఆమె సిగ్గుపడింది. అయినా లేచి మైకు దగ్గరికి నడిచింది.

కాగితంలో రాసింది మంచి రాతే. కొండలు, గద్దలు, వసంతం. సనూబర్ నోట అవి రాళ్ళలా దొర్లాయి. సౌండు మనిషి పెదవి కొరుక్కుని నవ్వు ఆపుకున్నాడు. మాస్టారు తల పట్టుకుని, "కాగితం వదిలెయ్. నీకు తోచింది చెప్పు" అన్నాడు. దీపం ఆర్పారు. తెర మీద సనూబర్ జుట్టు విరబోసుకుంది. కింద చీకట్లో నిలబడ్డ సనూబర్ తన పెదాల్నే చూసింది. ఆమెకి కొడుకు లేడు. కొడుకు మీద ఏమంటారో తెలియదు. తన జన్మలో ఏడవకుండా మిగిలిపోయినవాడు ఒక్కడే ఉన్నాడు, వాడి కోసమే నోరు తెరిచింది.

"గడప దాటి నీళ్ళు చల్లి పంపిస్తి బిడ్డా, ఆ తడి ఆరకముందే వస్తావనుకుంటి. తలుపుకి గడియ పెట్టనీయకపోతి, గాలి వచ్చిపోయె, వాన వచ్చిపోయె, నువ్వు రాకపోతివి. నీ పెండ్లానికని పెట్టెలో దాచిన కెలగాయి మడత కాడే చీలిపాయె బిడ్డా, ఇంగ ఎవురి తలన కప్పేది?"

అచ్చమైన షెకి యాస. దీపం వెలిగించాక ఎవరూ నవ్వలేదు. సౌండు మనిషి గాజు వెనక అలాగే కూర్చుండిపోయాడు. మాస్టారు ఏదో అనబోయి, యాస గురించే అనబోయాడేమో, రఖ్షందా వైపు చూశాడు.

"దీన్ని చెరిపావంటే నేను మళ్ళీ ఈ గదిలో కాలుపెట్టను" అంది రఖ్షందా. తర్వాత సనూబర్ భుజం మీద చెయ్యి వేసి, "నా పని ఊడగొట్టావు కదే" అంది. ఏడుస్తూనే అంది.

మిగతా సినిమా అంతా రఖ్షందాయే చెప్పింది. ఆ ఏడుపొక్కటి సనూబర్‌ది.

ఇద్దరూ ఇంటికి బయల్దేరారు. అగాసలీం నడవలో తలుపు పక్కన నిలబడి అంతా విన్నాడు. "మీ అమ్మని ఎప్పుడు తీసుకెళ్దాం?" అని అడిగాడు.

"అమ్మ వినకూడదు."

"ఓరి దేవుడా! వినాలి వినాలి అని ఇన్నేళ్ళు నా ప్రాణం తోడేశావు కదే!"

"ఆ మాటలు నేను అనకూడదు. నాన్న పోయినప్పుడు కూడా మా అన్న నుస్రత్ పేరు అమ్మ ఎత్తనీలేదు."

"ఎవరి పేరూ చెప్పలేదు కదా నువ్వు. సినిమా అది. ఆవిడకి తెలీదా సినిమా అంటే?"

తెలుసు. అమ్మకి అన్నీ తెలుసు. సనూబర్ తనకి తాను ఆ మాటే చెప్పుకుంటూ చలికాలం గడిపింది. భయం ఒక వైపు లాగేది, ఆశ ఒక వైపు లాగేది. చివరికి ఆశే గెలిచింది. వసంతంలో సినిమా షెకికి వచ్చినప్పుడు ఇద్దరూ బయల్దేరి వెళ్ళారు.

ఖాన్‌పరీ హాలుకి రానని మొండికేసింది. అల్లుడు బతిమాలాడు, మోసుకెళ్తానని బెదిరించాడు. "బాకూ వాళ్ళకి బలం ఎక్కువ, బుద్ధి తక్కువ" అని గొణుక్కుంటూ శాలువా కప్పుకుంది. హాల్లో కూతురి పక్కన కూర్చుని, తెర మీద తల్లి మొదటి మాట అనగానే, "ఇదిగో, వచ్చె ఆ బాకూ ఆమె" అంది గట్టిగా. ముందు వరసలో ఎవరో నవ్వారు. కాసేపు వింది, కాసేపు కునికింది. వాకిట్లోకి పాడె దించే సీను వచ్చేసరికి సనూబర్ తల్లి చెయ్యి పట్టుకుంది. పట్టుకున్నది తల్లి కోసమో, తన కోసమో తెలియదు.

హాలంతా షెకి ఏడుపు నిండింది. షెకి జనం, తమ యాసని తెర మీద నవ్వించడానికి తప్ప ఎన్నడూ విననివాళ్ళు, దగ్గడం కూడా మానేశారు. నీళ్ళు. గడియ. గాలి. కెలగాయి.

ఖాన్‌పరీ చెయ్యి సనూబర్ చేతిలో బిగుసుకుంది. తర్వాత వదులైంది.

"అది నా బిడ్డే" అంది. "నా బిడ్డ గొంతే."

ఇన్నేళ్ళుగా కోరుకున్న మాట, అచ్చం కోరుకున్నట్టే, సనూబర్ చెవి పక్కనే వినబడింది. "అవునమ్మా, నేనేనమ్మా" అంది. నవ్వుతోంది, కళ్ళు కారుతున్నాయి.

"ఎప్పుడు తెలిసె?"

"ఏందమ్మా?"

"నుస్రత్ సంగతి. ఎప్పుడు తెలిసె నీకు? నాకు చెప్పేదానికి నోరు రాక ఈడికి తీసుకొస్తివా?"

"కాదమ్మా! సినిమా అది. ఆ తల్లికి కొడుకు చనిపోతే..."

"సినిమా అని నాకు తెల్దా? గుడ్డిదాన్ని గానీ పిచ్చిదాన్ని కాదు." ముసలావిడ గొంతు పెంచలేదు. "నగుబాటు చేయొచ్చు, పెండ్లి చేయొచ్చు, తగాదా చేయొచ్చు సినిమాలో. ఆ కెలగాయి మాట ఎవురు రాసిస్తారు? నా బిడ్డ బతికినోని మీద ఏడవదు. నేను పెంచినాను దాన్ని."

సనూబర్ నోరు తెరిచింది. ఏ కబురూ రాలేదమ్మా అని చెప్పాలి. చెప్తే ఏమవుతుంది? అయితే ఆ ఏడ్చింది నువ్వు కాదని అమ్మ అంటుంది. లేదా, ఏ కబురూ లేకుండానే అన్నని పూడ్చిపెట్టావా అంటుంది. తెర మీద వీపులు, వీపుల వెనక కొండలు. సనూబర్ ఏమీ చెప్పలేదు. చెప్పకపోవడం ఆమెకి తేలికగానూ అనిపించింది, దొంగతనంగానూ అనిపించింది.

"పా ఇంటికి. పిండి ఉండాదా?" అంది ఖాన్‌పరీ.

ఇంటికొచ్చి, గుడ్డి చేతులతోనే బాండీ పొయ్యి మీద పెట్టింది. నెయ్యి కరిగింది. పిండి వేగుతున్న వాసన వీధిలోకి పోయింది. ఆ వాసన అర్థం ఆ వీధిలో అందరికీ తెలుసు. సనూబర్ తండ్రి పోయినప్పుడు తప్ప ఆ ఇంట్లోంచి ఆ వాసన రావడం ఎవరూ ఎరగరు. ముందు ఎదురింటావిడ వచ్చింది, తర్వాత పక్కింటివాళ్ళు, తర్వాత ఖాన్‌పరీతో మిల్లులో పనిచేసిన ముసలివాళ్ళు. చెప్పులు విడిచి, గోడ వెంబడి కూర్చున్నారు. అగాసలీం ఎవరూ చెప్పకుండానే, చావు జరిగిన ఇంట్లో చేసినట్టు, అద్దం మీద దుప్పటి కప్పి, టీ కాచడానికి వెళ్ళిపోయాడు.

ఖాన్‌పరీ పెట్టె తెరిపించింది. కెలగాయి బయటికి తీసింది. నిజంగానే మడత దగ్గర చీలింది. దాన్ని వేళ్ళతో తడిమి, ఒళ్ళో పెట్టుకుని, కూతురి వైపు మొహం తిప్పింది.

"ఏడువు. ఆడ ఏడ్చినావే, అట్లనే."

ఆడవాళ్ళందరూ సనూబర్ వైపు చూశారు. కెమెరాలకి, దీపాలకి, ముక్కూ మొహం తెలియనివాళ్ళకి ఎన్నడూ జంకని మనిషి. ఇప్పుడు గొంతు రాలేదు. ఒక్క అక్షరం రాలేదు. పెదాలు కదిలాయి, అంతే.

తల్లి కాసేపు చూసింది, అంటే చెవితో చూసింది. తర్వాత తనే మొదలుపెట్టింది. మొదట గొంతు పగిలింది, నలభై ఏళ్ళు ఆపిపెట్టిన ఏడుపు కదా. తర్వాత నిలబడింది. గడప దాటి నీళ్ళు చల్లి పంపిస్తి బిడ్డా, అంది ఖాన్‌పరీ. ఆ తడి ఆరకముందే వస్తావనుకుంటి.

పక్కన కూర్చుని సనూబర్ ఆ మాటలకి పెదాలు కలిపింది. ఎక్కడా తేడా రాలేదు.